చెప్పనక్కర్లేదు, చెప్పకూడదు

1988కి ముందు ఈ దేశంలో పార్సీ భార్యాభర్తలిద్దరూ కలిసి కోర్టుకెళ్లి "మేమిద్దరం విడిపోవాలనుకుంటున్నాం" అని చెబితే, ఆ మాట వాళ్లకే అడ్డం తిరిగేది. 1936 నాటి పార్సీ వివాహ, విడాకుల చట్టంలో పరస్పర అంగీకారం అనే మార్గమే లేదు. పైగా సెక్షన్ 35 ప్రకారం విడాకులిచ్చే ముందు కోర్టు నిర్ధారించుకోవలసిన సంగతుల్లో ఒకటి, భార్యాభర్తలు కుమ్మక్కు కాలేదన్నది. ఒకరు తప్పు చేసి వుండాలి, ఇంకొకరు ఆ తప్పుకు బాధితులై వుండాలి, ఇద్దరూ ఎదురెదురుగా నిలబడాలి. ఇద్దరూ ఒక మాట మీదికి వచ్చారంటే అందులో ఏదో మోసం వుందని చట్టానికి అనుమానం.

1988 సవరణతో సెక్షన్ 32బి వచ్చింది. అది చెప్పేది ఇంతే: పెళ్లయి కనీసం ఏడాది గడిచి వుండాలి. ఏడాదో అంతకంటే ఎక్కువో ఇద్దరూ విడివిడిగా వుంటూ వుండాలి. కలిసి బతకలేకపోయామని, ఈ పెళ్లి రద్దు కావాలని ఇద్దరూ ఒప్పుకుని, కలిసి దావా వెయ్యాలి. కోర్టు ఇద్దరి మాటా విని, తనకు తగినదనిపించిన విచారణ చేసి, ఎవరి సమ్మతీ బలవంతంతోగానీ మోసంతోగానీ తీసుకున్నది కాదని తృప్తిపడితే డిక్రీ ఇస్తుంది. ఎందుకు కలిసి బతకలేకపోయారన్న ప్రశ్న ఆ సెక్షన్‌లో ఎక్కడా లేదు.

ఇది పార్సీలకు మాత్రమే దక్కిన వెసులుబాటు కాదు. 1954 నాటి ప్రత్యేక వివాహ చట్టంలో మొదటినుంచీ వుంది. హిందూ వివాహ చట్టంలోకి 1976లో 13బిగా వచ్చింది. క్రైస్తవ స్త్రీపురుషులు 2001 దాకా ఎదురుచూడాల్సి వచ్చింది. ముస్లిం ధర్మశాస్త్రంలో ముబారాత్ పేరుతో ఎప్పటినుంచో వుంది. అయినా పార్సీ చట్టం గురించే రాయాలనుకోవడానికి నాకొక కారణం వుంది. విడిపోవడానికి కారణం చెప్పకపోవడం అన్నది ఆ సమాజంలో ఎంత అవసరమో, ఎంత ప్రమాదమో రెండూ ఒకేచోట కనిపిస్తాయి.

అవసరం సంగతి ముందు చూద్దాం.

పార్సీల వివాహ చట్టం పుట్టుక వెనకాల ఒక భార్య వేసిన దావా వుంది. దాంపత్య హక్కుల పునరుద్ధరణ కోరుతూ పిరోజ్‌బాయి అనే ఆమె భర్త అర్దేషిర్ కర్సెట్‌జీ మీద బొంబాయిలో వేసిన కేసు లండన్‌లోని ప్రివీ కౌన్సిల్ దాకా పోయింది. ఇంగ్లీషు చర్చి న్యాయం పార్సీలకు వర్తించదని 1856లో ప్రివీ కౌన్సిల్ తేల్చింది. ఆమె అడిగింది ఆమెకు దక్కలేదు. ఏ కోర్టుకు పోవాలో తెలియని భార్యగా మిగిలింది. ఆ తర్వాతి దశాబ్దంలో, 1865లో, పార్సీలకు ప్రత్యేక వివాహ చట్టం వచ్చింది. అందులో భర్త వ్యభిచారం భార్యకు విడాకుల కారణమే గాని, అతను వెళ్లింది వేశ్య దగ్గరికైతే అది చాలదు. ఈ మినహాయింపుని తీసెయ్యడానికి 1936 చట్టం దాకా పట్టింది. అంటే డెబ్బై ఏళ్లపాటు పార్సీ భార్య తన కష్టాన్ని చట్టం గీసిన గీత లోపల ఇరికించి చెప్పుకోవాల్సి వచ్చింది. గీత బయట పడిన బాధ బాధ కిందికి రాదు.

రెండో సంగతి, ఆ కష్టాన్ని ఎవరి ముందు చెప్పుకోవాలన్నది. పార్సీ వివాహ న్యాయస్థానంలో వాదప్రతివాదాలతో నడిచే కేసుని జడ్జి ఒక్కరే తేల్చరు. డెలిగేట్లు అనే వాళ్లుంటారు. వాళ్లు తప్పనిసరిగా పార్సీలే అయి వుండాలి. 1988 సవరణ తర్వాత ఐదుగురు కూర్చుంటున్నారు. చట్టానికి సంబంధించిన ప్రశ్నలు జడ్జివి, జరిగిందేమిటన్నది మాత్రం డెలిగేట్లలో ఎక్కువమంది ఏమంటే అది. భర్త కొట్టాడా లేదా, వదిలేసి పోయాడా లేదా, క్రూరంగా ప్రవర్తించాడా లేదా అన్నది సాటి పార్సీలు తేలుస్తారు. 1973 క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌తో ఈ దేశంలో క్రిమినల్ కేసుల్లో జ్యూరీ అన్నది లేకుండాపోయింది. భార్యాభర్తల తగవులో మాత్రం దాని పోలిక ఇక్కడ మిగిలింది. 2017లో ఒక పార్సీ స్త్రీ ఈ పద్ధతిని సుప్రీంకోర్టులో సవాలు చేసింది కూడా.

2011 జనాభా లెక్కల్లో దేశం మొత్తం మీద పార్సీలు 57,264 మంది. మన దగ్గర ఒక చిన్న పట్నం జనాభా కూడా కాదు. సికింద్రాబాద్‌లో 1847 నాటి అగ్ని దేవాలయం, హైదరాబాద్ తిలక్ రోడ్డులో 1904 నాటిది, వాటి చుట్టూ అల్లుకున్న కొన్ని కుటుంబాలు. అందరూ అందరికీ ఏదో వరసలో చుట్టాలో, స్నేహితులో. ఆ సమాజంలో ఐదుగురు పెద్దల ముందు నిలబడి పడకగది సంగతులు చెప్పడం అంటే ఏమిటో ఊహించుకోవచ్చు. ఊహించుకోవడానికి మనకి పెద్ద కష్టం కూడా లేదు. మన ఊళ్లలో కులపెద్దల ముందు విడాకుల పంచాయితీ నడిచేది, కొన్నిచోట్ల ఇప్పటికీ నడుస్తుంది. ఆచారం ప్రకారం తెంచుకున్న పెళ్లిళ్లను హిందూ వివాహ చట్టం సెక్షన్ 29 కూడా కాపాడింది. కులం ఇచ్చిన ఆ స్వేచ్ఛ ఎంతోమంది స్త్రీలకు మారుమనువుకి దారి చూపిందన్న మాట నిజమే. అయితే రచ్చబండ దగ్గర "ఎందుకు వుండలేవో చెప్పమ్మా" అన్నప్పుడు తల వంచుకుని నిలబడ్డ ఆడమనిషి సంగతి కూడా అంతే నిజం.

అందుకే 32బిని నేను చిన్న సంస్కరణ అనుకోను. కారణం అడక్కుండా వదిలిపెట్టడం ఒక గౌరవం. ఇది పుస్తకంలో చదివి చెబుతున్నది కాదు. నా విడాకులు 13బి కింద జరిగాయి. మా వకీలు అర్జీలో "మనస్పర్ధల వల్ల" అని రాశాడు. ఆ ఒక్క మాట వెనకాల తొమ్మిదేళ్లున్నాయి. వాటిని నేను ఎవరి ముందూ పరచనక్కర్లేకపోయింది. ఏడవనక్కర్లేకపోయింది. క్రూరత్వం అనిపించుకోవడానికి సరిపోయేంత క్రూరత్వం నాకు జరిగిందా లేదా అని ఎవరూ తూకం వెయ్యలేదు. మా మేనత్త మాత్రం ఏడాదిపాటు "అసలు సంగతేంటే?" అని అడుగుతూనే వుంది. ఆవిడకి నేను చెప్పలేదు. చెప్పనక్కర్లేదని చట్టమే అన్నప్పుడు మేనత్తకి చెప్పకపోవడం తేలికైంది.

ఇంతవరకూ నాకు స్పష్టంగానే వుండేది. ఆ తర్వాత నాతోపాటు కాలేజీలో ఇంగ్లీషు చెప్పిన స్నేహితురాలికి ఒక ఫోను వచ్చింది.

ఆమె సికింద్రాబాద్ పార్సీ. పెళ్లయి వేరే నగరానికి వెళ్లింది, ఆరేళ్ల తర్వాత 32బి కింద విడాకులు తీసుకుని కొడుకుతో తిరిగొచ్చింది. వాదించుకునే కేసు ఎందుకు వెయ్యలేదని నేనెప్పుడూ అడగలేదు. ఒకసారి తనే చెప్పింది, "డెలిగేట్లుగా వుండదగిన వాళ్లలో మా పెళ్లి భోజనానికి వచ్చినవాళ్లు ఇద్దరున్నారు. వాళ్ల ముందు ఏం చెప్పమంటావు?" అని. రాజీ షరతులు రాసుకున్నారు. పిల్లాడు తన దగ్గర, ఒకేసారి కొంత డబ్బు, అత్తింటి ఫ్లాటు మీద ఏ హక్కూ లేదు. చివర్లో ఇంకొకటి: ఇకముందు ఒకరి మీద ఒకరు ఎటువంటి ఆరోపణలూ చెయ్యకూడదు, మూడో మనిషితో ఈ వివాహం గురించి మాట్లాడకూడదు. మన హిందూ కేసుల్లోనూ ఇలాంటి వాక్యాలు మామూలే. పెట్టిన కేసులన్నీ వెనక్కి తీసుకుంటున్నామన్న వాక్యం పక్కనే ఇదీ వుంటుంది. సంతకం పెట్టే రోజున దాన్ని ఎవరూ పట్టించుకోరు.

ఫోను చేసింది ఒక పెద్దావిడ. మాజీ భర్తకి మళ్లీ సంబంధం కుదరబోతోంది, పెళ్లికూతురు ఆవిడ కూతురు. గుజరాతీలో ఎంతో మర్యాదగా, "నువ్వు కూడా నాకు కూతురులాంటిదానివే. ఎందుకు విడిపోయారో ఒక్క ముక్క చెప్పు తల్లీ" అని అడిగింది. నా స్నేహితురాలికి ఆ రాత్రి నిద్ర పట్టలేదు. మర్నాడు స్టాఫ్ రూంలో నాతో అంది, "చెబితే మాట తప్పినట్టు. చెప్పకపోతే ఆ అమ్మాయి..." అని ఆపేసింది.

అప్పుడు ఈ రెండు మాటల మధ్య వున్న దూరం నాకు కనిపించింది. చెప్పనక్కర్లేదు అన్నది చట్టం ఇచ్చిన హక్కు. చెప్పకూడదు అన్నది ఆ హక్కుని అనుభవించడానికి ఆమె చెల్లించిన ధర. మొదటిది ఆమెది. రెండోది అతని కోసం. పైకి రెండూ ఒకే మౌనంలా కనిపిస్తాయి.

ఈ రెండోదాన్ని చట్టం రాయలేదు, భార్యాభర్తలే రాసుకున్నారు కదా అనొచ్చు. ఇద్దరూ ఒప్పుకునే కదా సంతకం పెట్టారు అనొచ్చు. ఇక్కడే సమ్మతి అన్న మాటని కొంచెం నిలదీయాలి.

పార్సీ పెళ్లిలో ఆశీర్వాద్ అనే తంతు వుంది. అది జరిపించే పురోహితుడు కాక ఇద్దరు పార్సీ సాక్షులుండాలని చట్టం కూడా అంటుంది. ఆ తంతులో పురోహితుడు వధూవరుల్ని నీకు సమ్మతమేనా అని అడుగుతాడు. "పసందే కర్దమ్" అని జవాబు చెప్పాలి. సమ్మతించాను అని అర్థం. మనం భోజనం పసందుగా వుంది అంటామే, ఆ పసందే. అమ్మాయి నోటితో ఔనన్నాకే పెళ్లి. ఎందుకు ఒప్పుకుంటున్నావని అక్కడా ఎవరూ అడగరు. పెళ్లిలోకి వెళ్లడానికి కారణం చెప్పనక్కర్లేనప్పుడు బయటికి రావడానికి ఎందుకు చెప్పాలి అన్నది మంచి వాదన. నేను చాలాసార్లు వాడాను.

అయితే ఆ వాదన ఇంకో వైపు కూడా తీసుకెళ్తుంది. పెళ్లి పీటల మీద ఔనన్న ప్రతి అమ్మాయీ స్వేచ్ఛగానే అందని మనం నమ్ముతామా? తండ్రి అప్పులు, చెల్లెళ్ల వయసు, తన వయసు, ఇవన్నీ ఆ ఔను లోపల వుంటాయని కదా మన కథలూ నవలలూ ఇన్నేళ్లుగా చెబుతున్నది. పెళ్లప్పటి ఔను గురించి అంత అనుమానపడే మనం విడాకులప్పటి ఔను గురించి ఎందుకు నిశ్చింతగా వుండాలి? ఆ ఔను లోపల కూడా పిల్లాడి కస్టడీ వుంటుంది. ఇల్లుంటుంది. పార్సీ పంచాయతీ బాగుల్లోని ఫ్లాటు సాధారణంగా భర్త కుటుంబం పేరునే వుంటుంది. అక్కణ్నించి వచ్చేస్తే ఇల్లు ఒక్కటే కాదు, ఆ ఇరుగుపొరుగూ, గుడీ, పిల్లల ఆటస్థలమూ పోతాయి. కేసు ఇంకా లాగితే అమ్మానాన్నల ఆరోగ్యం ఏమవుతుందో అన్న భయం వుంటుంది. వీటిలో ఏదీ సెక్షన్ 32బి చెప్పే బలవంతం కిందికి రాదు, మోసం కిందికీ రాదు. మెడ మీద కత్తి లేదు కాబట్టి సమ్మతి సమ్మతే.

చట్టాల తేడా కూడా ఇక్కడ పనిచేస్తుంది. 13బిలో అర్జీ వేశాక ఆరు నెలలు ఆగి మళ్లీ రావాలి. డిక్రీ వచ్చేదాకా ఇద్దరి సమ్మతీ నిలిచి వుండాలని 1991లో సురేష్టాదేవి కేసులో సుప్రీంకోర్టు అంది. ఆ ఆరు నెలలు తప్పనిసరి కాదని, తగిన కేసుల్లో మాఫీ చెయ్యొచ్చని 2017లో అమర్‌దీప్ సింగ్ కేసులో చెప్పింది. 32బిలో ఈ రెండో విడత లేదు. ఏది మేలు? ఆరు నెలల గడువు స్త్రీకి మనసు మార్చుకునే అవకాశం ఇస్తుంది, నిజమే. అదే గడువు భర్త చేతిలో బేరసారాల పనిముట్టు కూడా అవుతుంది. "ఆ నగల సంగతి వదిలెయ్, లేకపోతే రెండోసారి రాను" అన్న బెదిరింపుని కుటుంబ సలహా కేంద్రాల్లో పనిచేసిన వాళ్లం చాలాసార్లు విన్నాం. పార్సీ చట్టంలో అలాంటి వేలాడదీత లేదు. అయితే ఒత్తిడికి లొంగి సంతకం పెట్టిన స్త్రీకి ఊపిరి తీసుకునే వ్యవధి కూడా లేదు. కాబట్టి అక్కడ కోర్టు చేసే ఆ ఒక్క విచారణే అన్నీ. అది రెండు నిమిషాల తంతు అయితే ఇక ఏమీ లేనట్టే.

తెగతెంపులు అయ్యాక కూడా చట్టం స్త్రీని పూర్తిగా వదలదు. సెక్షన్ 40 కింద భరణం పొందుతున్న భార్య శీలవతిగా వుండటం లేదని మాజీ భర్త నిరూపిస్తే కోర్టు ఆ ఆదేశాన్ని మార్చవచ్చు, రద్దు చెయ్యవచ్చు. భరణం పొందే భర్తకీ అటువంటి షరతు వుందనుకోండి, అలా పొందే భర్తలెంతమంది? హిందూ వివాహ చట్టంలోనూ ఇదే షరతు. అంటే ఇద్దరి అంగీకారంతో ముగిసిన పెళ్లిలో ఒకరికి మాట్లాడకూడదన్న షరతు, అదే మనిషికి ఎలా బతకాలన్న షరతు. ఆమె కారణం చెప్పనక్కర్లేదు గాని, ఆమె బతుకు మీద కన్ను వేసి వుంచే హక్కు మాత్రం అతనికి మిగిలింది.

ఇంకొక ప్రశ్న మన వైపు నుంచే వస్తుంది. వ్యక్తిగతమైనదంతా రాజకీయమే అని చెప్పిన ఉద్యమం మనది. స్త్రీలు నోరు విప్పాలని అడిగినవాళ్లం. మరి కారణం చెప్పని విడాకులు హింసని మళ్లీ నాలుగ్గోడల మధ్యకే పంపెయ్యడం లేదా? చెడ్డ భర్త మచ్చ లేకుండా వెళ్లిపోతున్నాడు కదా? పైగా కారణం తెలియనప్పుడు లోకం వూరుకోదు, తనే ఒకటి కల్పిస్తుంది, అది ఎప్పుడూ ఆడదాని వైపే వేలు చూపిస్తుంది. "ఏదో వుండే వుంటుంది" అన్న మాట ఎవరి గురించి అంటారో మనకి తెలుసు.

ఈ అభ్యంతరాన్ని తేలిగ్గా తీసెయ్యలేను. కాని స్త్రీ మాట్లాడటం వేరు, మాట్లాడితేనే తలుపు తీస్తామనడం వేరు. బయటపడటానికి సుంకంగా చెప్పిన కథ ఆమె కథ కాదు. అది చట్టానికి కావలసిన ఆకారంలో వుంటుంది. కొట్టిన దెబ్బలుంటాయి, తేదీలుంటాయి, సాక్షులుంటారు. ఆరేళ్లపాటు ఒక్క ప్రశ్నకీ జవాబివ్వని మనిషి పక్కన బతకడం అందులో వుండదు. ఉద్యమం అడిగింది స్త్రీలు తమ మాటల్లో, తమకి తోచినప్పుడు, తాము ఎంచుకున్న వాళ్లతో మాట్లాడాలని. 32బి దానికి అడ్డం కాదు. ఆ షరతు అడ్డం.

నా స్నేహితురాలు ఏం చేసిందో చెబుతాను. రెండు రోజుల తర్వాత తనే ఆ పెద్దావిడకి ఫోన్ చేసింది. "నేను మీకు చెప్పను ఆంటీ. మీరు చుట్టాలందరితో ఆలోచిస్తారు. మీ అమ్మాయి ముందు అతన్నే అడగాలి. అతను చెప్పింది విన్నాక కూడా నన్ను అడగాలనిపిస్తే తనే రమ్మనండి. తనతో మాట్లాడతాను" అంది. షరతు సంగతేమిటని నేనడిగాను. "ఆ అమ్మాయి మూడో మనిషి ఎలా అవుతుంది? నా స్థానంలోకి వస్తున్న మనిషి" అంది. వకీళ్లు ఈ వాదనని ఒప్పుకుంటారో లేదో నాకు అనుమానమే. నైతికంగా దీన్ని కాదనడానికి మాత్రం నాకు ఏ మాటా దొరకలేదు. కోర్టుకి చెప్పనిది, డెలిగేట్లకి చెప్పనిది, పెళ్లికూతురి తల్లికి కూడా చెప్పనిది ఆ అమ్మాయికి చెప్పడానికి ఆమె సిద్ధపడింది. ఎవరు తీర్పు చెప్పడానికి అడుగుతున్నారు, ఎవరు తన బతుకు నిర్ణయించుకోవడానికి అడుగుతున్నారు అన్నది ఆమె పెట్టుకున్న గీటురాయి. ఆ అమ్మాయి వచ్చిందా, ఏం మాట్లాడుకున్నారు అన్నది నేను అడగలేదు. అది నాకు చెప్పనక్కర్లేని సంగతి.

అందుకని నేను కోరేవి రెండు. మొదటిది, కోర్టు ఎందుకు విడిపోతున్నారని అడగొద్దు. ఆ సమ్మతి ఎలా వచ్చిందో మాత్రం నిజంగా అడగాలి. ఇద్దర్నీ విడివిడిగా కూర్చోబెట్టి, ఆమెకి వచ్చిన భాషలో: రేపట్నించి ఎక్కడ వుంటావు? ఏం వదులుకున్నావు, ఎందుకు? ఈ షరతులు ఎవరు రాశారు? వద్దని వుంటే ఏం జరిగేది? తగినదనిపించిన విచారణ చెయ్యమని 32బి కోర్టుకి అధికారమిచ్చింది. ఈ ప్రశ్నలకి కొత్త చట్టం అక్కర్లేదు. రెండోది, రాజీ కాగితాల్లో నోరు కట్టే వాక్యాన్ని మన స్త్రీల వకీళ్లు, సలహా కేంద్రాల వాళ్లు మామూలు వాక్యంగా దాటెయ్యడం మానాలి. డబ్బు గురించి ఎంత బేరం చేస్తామో ఆ వాక్యం గురించీ అంత చెయ్యాలి. వీలైతే కొట్టేయించాలి. వీలుకాకపోతే కనీసం, ఆమె ఎవరెవరితో మాట్లాడవచ్చో ఆ కాగితం మీదే రాయించాలి: తన పిల్లలతో, తన డాక్టరుతో, తన స్నేహితులతో, అతన్ని పెళ్లి చేసుకోబోయే స్త్రీతో.